ట్రయల్ కోర్టు నుంచి మొదలుపెట్టండి: హైదరాబాద్ వకీలు సర్కారు న్యాయవాదిగా, జడ్జిగా ఎదిగే దారి

ఏటా లా ఫైనలియర్ పరీక్షలు కాగానే ఇద్దరో ముగ్గురో పిల్లలు మలక్‌పేటలోని మా ఆఫీసుకు వస్తారు. అడిగేది దాదాపు ఒకటే: "సార్, జూనియర్ సివిల్ జడ్జి పరీక్షకు ఎక్కడ కోచింగ్ తీసుకోమంటారు?" 2025 మే 20కి ముందు ఈ ప్రశ్నకు అర్థం ఉండేది. ఆ రోజు సుప్రీంకోర్టు ఆలిండియా జడ్జెస్ అసోసియేషన్ కేసులో తీర్పు ఇచ్చింది. సివిల్ జడ్జి పరీక్ష రాయాలంటే కనీసం మూడేళ్లు వకీలుగా పనిచేసి ఉండాలన్న పాత నియమాన్ని మళ్లీ తెచ్చింది. 1993లో పెట్టి, 2002లో తీసేసిన నియమమే అది. కాబట్టి ఇప్పుడు ఆ పిల్లలకు నేను చెప్పే మాట మారింది. కోచింగ్ సంగతి తర్వాత, ముందు ఏ కోర్టులో నిలబడతావో చెప్పమంటున్నాను.

ఇరవై ఏళ్లకు పైగా ఈ నగరపు కోర్టుల్లో తిరిగాను. అందులో కొంతకాలం హైకోర్టులో ప్రభుత్వం తరఫున సహాయ ప్లీడరుగా పనిచేశాను. అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటర్ (ఏపీపీ, క్రిమినల్ కేసుల్లో ప్రభుత్వ వకీలు), గవర్నమెంట్ ప్లీడర్ (జీపీ, మిగతా కేసుల్లో ప్రభుత్వ వకీలు), సివిల్ జడ్జి, జిల్లా జడ్జి అని నోటిఫికేషన్లలో వేర్వేరు దారులు కనిపిస్తాయి. వాటన్నిటికీ గడప మాత్రం ఒక్కటే, సాక్షులను విచారించే కింది కోర్టు, అంటే ట్రయల్ కోర్టు. ఆ గడప దగ్గర మొదటి మూడేళ్లు ఎలా గడిపారన్నదాన్ని బట్టే తర్వాతి ముప్పై ఏళ్లు ఉంటాయి. అందుకే మొదటి మూడేళ్ల గురించి ఎక్కువ చెప్తాను, పై పదవుల గురించి తక్కువ చెప్తాను.

మొదటి అడుగు: సనదు

పట్టా చేతికి రాగానే తెలంగాణ రాష్ట్ర బార్ కౌన్సిల్‌లో ఎన్‌రోల్ కావాలి. వకీలుగా పనిచేసేందుకు అక్కడ ఇచ్చే పత్రమే సనదు. కార్యాలయం హైకోర్టు ఆవరణలోనే ఉంది. డబ్బు దగ్గర ఒక విషయం గుర్తుంచుకోండి. 1961 అడ్వకేట్ల చట్టం 24వ సెక్షన్ ప్రకారం ఎన్‌రోల్‌మెంట్ ఫీజు 750 రూపాయలు, ఎస్సీ, ఎస్టీలకు 125 రూపాయలు. ఇంతకు మించి ఎన్‌రోల్‌మెంట్ పేరుతో వసూలు చేయకూడదని 2024 జులై 30న సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది. ఊళ్లో పొలం పని చేసి కొడుకును లా చదివించిన తండ్రి ఎన్‌రోల్‌మెంట్ కోసం అప్పు చేయడం నేను చూశాను. ఆ తీర్పు ఎందరి భుజాల మీది భారం దించిందో నాకు తెలుసు.

తర్వాత ఆలిండియా బార్ పరీక్ష. వంద ఆబ్జెక్టివ్ ప్రశ్నలు ఉంటాయి, నెగటివ్ మార్కులు ఉండవు. జనరల్ వాళ్లకు 45 శాతం, ఎస్సీ, ఎస్టీలకు 40 శాతం వస్తే పాస్. నోట్స్ లేని బేర్ యాక్టులు (వ్యాఖ్యానం లేని చట్టం పుస్తకాలు) లోపలికి తీసుకెళ్లొచ్చు. బేర్ యాక్టు తిరగేసే అలవాటున్నవాళ్లకు ఇది కష్టం కాదు. అలవాటు లేనివాళ్లు దీన్ని చిన్నచూపు చూసి వాయిదా వేస్తుంటారు. ఆ పొరపాటు చేయకండి. మూడేళ్ల ప్రాక్టీసును తాత్కాలిక ఎన్‌రోల్‌మెంట్ తేదీ నుంచే లెక్కిస్తారని 2025 తీర్పు చెప్పింది. కాబట్టి మీ గడియారం ఎన్‌రోల్ అయిన రోజే మొదలవుతుంది. ఫలితాలు వచ్చాక రెండు మూడు నెలలు ఇంట్లో కూర్చుంటే అవి మీ ఖాతాలోంచి పోయినట్టే.

రెండో అడుగు: ఏ కోర్టు, ఏ సీనియర్

హైదరాబాద్‌లో జూనియర్‌కు ఉన్న వసతి ఇంకెక్కడా లేదనిపిస్తుంది నాకు. మెట్రో ఎర్ర లైన్ ఎక్కి చూడండి. కూకట్‌పల్లిలో ఒక కోర్టు సముదాయం, నాంపల్లిలో క్రిమినల్ కోర్టులు, ఎంజీబీఎస్‌లో దిగి మూసీ దాటితే హైకోర్టు, చివరి స్టేషన్ ఎల్బీనగర్‌లో రంగారెడ్డి జిల్లా కోర్టులు. పురానీ హవేలీలో సిటీ సివిల్ కోర్టు, మూసీకి అవతల సికింద్రాబాద్‌లో మరో సివిల్ కోర్టు ఉండనే ఉన్నాయి. ఒక్కోచోట ఒక్కో రకం కేసులు పారుతుంటాయి. ఎల్బీనగర్‌లో భూమి తగాదాలు, నాంపల్లిలో చెక్ బౌన్సులు, మోసాలు, పురానీ హవేలీలో ఆస్తి పంపకాలు, అద్దె కేసులు.

కొత్తగా వచ్చినవాళ్ల కళ్లు మాత్రం మూసీ ఒడ్డున గులాబీ, తెలుపు రాళ్ల గుమ్మటాల మీదే ఉంటాయి. నాకూ ఉండేవి. మీర్ ఉస్మాన్ అలీ ఖాన్ 1920 ఏప్రిల్ 20న ప్రారంభించిన ఆ భవనంలోకి మొదటిసారి అడుగుపెట్టినప్పుడు ఎవరికైనా ఒళ్లు జలదరిస్తుంది. అయినా నా సలహా ఒకటే: మొదటి మూడేళ్లు హైకోర్టుకు వెళ్లకండి. అక్కడ రిట్లు (ప్రభుత్వ చర్యల మీద వేసే పిటిషన్లు) అఫిడవిట్ల మీద, అంటే ప్రమాణపత్రాల మీద నడుస్తాయి. సాక్షి బోనులోకి రాడు. చీఫ్ చేయించడం (మన సాక్షి చేత చెప్పించడం), క్రాస్ చేయడం (అవతలి సాక్షిని ప్రశ్నించడం), డాక్యుమెంటు మార్క్ చేయించడం, అభ్యంతరం చెప్పడం అన్నీ కింది కోర్టులోనే నేర్చుకోవాలి. ఏపీపీ అయినా, జడ్జి అయినా రేపు మీరు రోజంతా చేయబోయేది ఈ పనే. ఇది రానివాళ్లు పరీక్ష పాసై కుర్చీలో కూర్చున్నాక బెంచ్ క్లర్కు ముఖం చూడాల్సి వస్తుంది.

సీనియర్‌ను ఎలా ఎంచుకోవాలంటే, పెద్ద పేరున్న ఆఫీసులో ఇరవయ్యో జూనియర్‌గా చేరేకంటే రోజూ రెండు మూడు ట్రయల్స్ నడిపే మధ్యస్థాయి వకీలు దగ్గర చేరండి. చేరేముందు ఒక వారం ఆయన వాదించే కోర్టు హాల్లో వెనక బెంచీలో కూర్చోండి. సాక్షిని కేకలేసి బెదిరించేవాడా, డాక్యుమెంటు చూపించి నోరు మూయించేవాడా అన్నది అక్కడే తెలుస్తుంది. రెండోరకం మనిషి దగ్గరే చేరండి. గుమాస్తాను గౌరవించే సీనియర్ అయితే ఇంకా మంచిది. నకలు దరఖాస్తు ఎలా పెట్టాలో, కోర్టు ఫీజు ఎక్కడ కట్టాలో, ప్లెయింటు (దావా పత్రం) రిటర్న్ అయితే ఏ అభ్యంతరానికి ఏ జవాబు రాయాలో మీకు నేర్పేది ఆ గుమాస్తానే.

డబ్బు మాటెత్తడానికి జూనియర్లు సిగ్గుపడతారు. సిగ్గు పడాల్సిన పని లేదు. నగరాల్లో జూనియర్‌కు నెలకు కనీసం 20,000 రూపాయలు ఇవ్వమని బార్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా 2024 అక్టోబరులో సూచించింది. అది ఆదేశం కాదు, సూచన. చాలా ఆఫీసుల్లో అంత రాదు. కానీ "సార్, నాకు బస్సు పాసు, భోజనం ఖర్చయినా కావాలి" అని మొదటి రోజే అడగడం తప్పు కాదు. ఊరి నుంచి వచ్చి హాస్టల్లో ఉండే పిల్లలు, ముఖ్యంగా అమ్మాయిలు, డబ్బు చాలక రెండో ఏడాదిలోనే వృత్తి వదిలి వెళ్లడం నా కళ్లముందే జరిగింది. మంచి వకీళ్లు కావాల్సినవాళ్లు వాళ్లు.

మూడో అడుగు: మీ పని కాగితం మీద కనిపించాలి

ఈ అడుగు ఎవరూ చెప్పరు. దీన్ని పట్టించుకోక దెబ్బతిన్నవాళ్లు మాత్రం చాలామంది.

మూడేళ్ల ప్రాక్టీసు ఉందని నిరూపించేందుకు పదేళ్ల అనుభవమున్న వకీలు ధ్రువపత్రం ఇవ్వాలి, దాని మీద ఆ జిల్లా ప్రధాన న్యాయాధికారి ఎండార్స్ చేయాలి అని సుప్రీంకోర్టు చెప్పింది. మూడేళ్లూ సీనియర్ వెనకే నడిచి, ఒక్క వకాలత్‌లోనూ (కక్షిదారు వకీలును నియమించుకునే పత్రం) మీ పేరు లేకపోతే ఆ ధ్రువపత్రం ఏ ఆధారంతో ఇస్తారు? మా ఆఫీసుకు వచ్చే ఒక అబ్బాయికి ఇదే జరిగింది. అతను పనిచేసిన చోట వకాలత్‌లన్నీ సీనియర్ పేరు మీదే. రోజూ కోర్టుకు వెళ్లాడు, వాయిదాలు తీసుకున్నాడు, క్రాస్ నోట్సు రాశాడు. కానీ రికార్డులో అతను లేడు. కాగితాలు పోగుచేసేందుకు నెలలు పట్టింది, ఆలోగా దరఖాస్తు గడువు దాటిపోయింది.

అందుకే మొదటి వారం నుంచే సీనియర్‌ను అడిగి వకాలత్‌లో మీ పేరు, సనదు నంబరు రాయించుకోండి. ఇస్తానన్న మాట మీద ఊరుకోకుండా సంతకం పెట్టేటప్పుడు పక్కనే ఉండండి. డైరీ ఒకటి పెట్టుకోండి. కేసు నంబరు, సీఎన్‌ఆర్ నంబరు, కోర్టు పేరు, ఆ రోజు మీరు చేసిన పని, తర్వాతి వాయిదా అందులో రాయండి. సీఎన్‌ఆర్ అంటే ఈ-కోర్ట్స్‌లో ప్రతి కేసుకూ ఉండే పదహారు అక్షరాల గుర్తింపు. అది ఉంటే పదేళ్ల తర్వాత కూడా ఆ కేసు ఎక్కడుందో తెలుస్తుంది. ఏ ఆర్డరులో మీ పేరు "కౌన్సెల్"గా పడిందో ఆ ఆర్డరు కాపీ దాచుకోండి. సివిల్ జడ్జి దరఖాస్తు నుంచి పబ్లిక్ ప్రాసిక్యూటర్ ప్యానెల్ దాకా, ఏదో ఒకరోజు హైకోర్టు కొలీజియం (జడ్జీలను సిఫార్సు చేసే సీనియర్ న్యాయమూర్తుల బృందం) అడిగే బయోడేటా దాకా, అన్నిటికీ కావాల్సింది ఈ డైరీయే.

ఈ మూడేళ్లలో రెండు రకాల చట్టాలు చేతిలో ఉండాలి. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత, నాగరిక్ సురక్షా సంహిత, సాక్ష్య అధినియమ్ అమల్లోకి వచ్చాయి. అంతకుముందు జరిగిన నేరాలకు మాత్రం ఇప్పటికీ ఐపీసీ సెక్షన్లే వర్తిస్తాయి. ఇంకొన్నేళ్లు ఒకే కోర్టు హాల్లో మోసం కేసుకు ఉదయం 420 అంటారు, మధ్యాహ్నం 318 అంటారు. రెంటినీ పక్కపక్కన రాసుకుని చదవండి.

ఆదాయం కూడా వచ్చే ఒక మంచి పని గురించి ఇక్కడే చెప్పాలి. జాతీయ న్యాయసేవల ప్రాధికార సంస్థ (నల్సా) 2022లో తెచ్చిన న్యాయ సహాయ డిఫెన్స్ కౌన్సెల్ పథకం కింద జిల్లా న్యాయసేవాధికార సంస్థలు అసిస్టెంట్ డిఫెన్స్ కౌన్సెళ్లను నియమిస్తాయి. కొత్తవాళ్లు దరఖాస్తు చేసుకోవచ్చు. జైల్లో ఉండి వకీలును పెట్టుకోలేని ముద్దాయి తరఫున నిలబడతారు. ఒక్క ఏడాదిలో మీరు చేసే క్రాస్‌లు ప్రైవేటు ఆఫీసులో నాలుగేళ్లకూ దొరకవు. రేపు ప్రాసిక్యూటర్ అయ్యేవాడు ముందు అవతలి వైపు నుంచి చూడటం ఎంతో అవసరం. బెయిలు దొరక్క నలిగే ఇంటిని ఒకసారి చూసినవాడు బెయిలు పిటిషన్‌కు కళ్లు మూసుకుని "అపోజ్" అని రాయడు.

నాలుగో అడుగు: ఏపీపీ

మూడేళ్లు దాటాయి. మొదట తెరుచుకునే తలుపు అసిస్టెంట్ పబ్లిక్ ప్రాసిక్యూటర్. తెలంగాణలో ఈ నియామకాలు పోలీసు రిక్రూట్‌మెంట్ బోర్డు ద్వారా జరుగుతాయి. 2021లో 151 పోస్టులకు, 2025లో 118 పోస్టులకు నోటిఫికేషన్లు వచ్చాయి. వేతన స్కేలు 54,220 రూపాయల దగ్గర మొదలవుతుంది. పరీక్షలో ఆబ్జెక్టివ్ పేపరుతో పాటు రాత పేపరు కూడా ఉంటుంది. క్రిమినల్ కోర్టుల్లో ప్రాక్టీసు ఉండాలి. నాంపల్లి డైరీ ఇక్కడ పనికొస్తుంది.

బోర్డు పేరులో పోలీసు ఉందని పోస్టు కూడా పోలీసుదని కొందరు అనుకుంటారు. కాదు. ఆ కేసు దర్యాప్తులో పాల్గొన్న పోలీసు అధికారి గానీ, ఇన్‌స్పెక్టర్ కంటే కింది స్థాయి అధికారి గానీ ఏపీపీ కాకూడదన్నది నాగరిక్ సురక్షా సంహిత 19వ సెక్షన్ పెట్టిన నియమం. 20వ సెక్షన్ ప్రకారం ప్రాసిక్యూషన్ డైరెక్టరేట్ వేరుగా ఉంటుంది. స్టేషన్ హౌస్ ఆఫీసర్ ఫోన్ చేసి "సార్, ఈ ఛార్జిషీటు కొంచెం చూసి దాటించండి" అంటే, పంచనామాలో తేదీ తప్పుంటే తప్పుందని రాసి వెనక్కి పంపే అధికారం మీకుంది. ఆ పని చేయాల్సింది కూడా మీరే. ప్రాసిక్యూటర్‌కు కేసు గెలవడమే పని కాదు. ముద్దాయికి పనికొచ్చే సాక్ష్యం ఫైల్లో ఉంటే దాన్ని కూడా కోర్టు ముందు పెట్టాలి.

ఏపీపీగా చేరితే జిల్లా జడ్జి అయ్యే అర్హత పోతుందేమోనని చాలామంది భయపడతారు. ఆ భయం అక్కర్లేదు. ప్రభుత్వ జీతం తీసుకుంటున్నా కోర్టులో వాదించడమే పనిగా ఉన్న ప్రాసిక్యూటర్ వకీలే అని 2013లో దీపక్ అగర్వాల్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. అదే మీరు ఏ కార్పొరేషన్‌లోనో కాగితాలు చూసే లా ఆఫీసరుగా చేరి కోర్టు ముఖం చూడకపోతే ఆ ఏళ్లు ప్రాక్టీసు లెక్కలోకి రావు. ఉద్యోగం ఒప్పుకునే ముందు నియామక ఉత్తర్వులో "కోర్టుల్లో హాజరై వాదించడం" అన్న మాట ఉందో లేదో చూసుకోండి.

ఏడేళ్ల ప్రాక్టీసు దాటితే సెషన్స్ కోర్టులో పబ్లిక్ ప్రాసిక్యూటర్, అదనపు పీపీ పదవులకు అర్హులవుతారు. జిల్లా మేజిస్ట్రేట్, సెషన్స్ జడ్జిని సంప్రదించి ప్యానెల్ తయారుచేస్తారు. సెషన్స్ జడ్జి మిమ్మల్ని కోర్టు హాల్లో చూసి ఉండాలి అన్నమాట.

ఐదో అడుగు: గవర్నమెంట్ ప్లీడర్ కార్యాలయం

నేను బాగా ఇష్టపడి చేసిన పని ఇది, అందుకే కొంచెం ఎక్కువ రాస్తున్నాను.

రాష్ట్ర ప్రభుత్వపు మొదటి న్యాయవాది అడ్వకేట్ జనరల్. రాజ్యాంగం 165వ అధికరణ ప్రకారం గవర్నర్ నియమిస్తారు, హైకోర్టు జడ్జి కాగల అర్హత ఉండాలి. ఆయన కింద అదనపు ఏజీలు, శాఖలవారీగా గవర్నమెంట్ ప్లీడర్లు, వాళ్ల కింద ఏజీపీలు (సహాయ ప్లీడర్లు) ఉంటారు. రెవెన్యూకు ఒకరు, హోంకు ఒకరు, మున్సిపల్, పంచాయతీరాజ్, సర్వీసులు ఇలా విడివిడిగా. జిల్లా కోర్టుల్లోనూ జీపీలు, ఏజీపీలు ఉంటారు. 2000లో జారీ అయిన లా ఆఫీసర్ల నియామక సూచనల చట్రంలో, మామూలుగా మూడేళ్ల కాలానికి, ఈ నియామకాలు జరుగుతాయి.

ఈ పదవులకు పరీక్ష లేదు. సిఫార్సు ఉంది, రాజకీయం ఉంది. ప్రభుత్వం మారితే పదవి పోవచ్చు. ఈ మాట దాచిపెట్టి లాభం లేదు. కానీ ప్రభుత్వ న్యాయవాదుల ఎంపిక ప్రతిభ ఆధారంగా, న్యాయంగా జరగాలని 2016లో బ్రిజేశ్వర్ సింగ్ చాహల్ కేసులో సుప్రీంకోర్టు అన్నది కూడా గుర్తుంచుకోండి. డబ్బిస్తే పోస్టు ఇప్పిస్తామని హైకోర్టు క్యాంటీన్ దగ్గర తిరిగేవాళ్లను దగ్గరికి రానివ్వకండి. మీ బయోడేటాతో పాటు మీరు వాదించిన పది కేసుల తీర్పులు, అందులో కనీసం మూడు నాలుగు భూమి లేదా సర్వీసు కేసులు, జతచేసి న్యాయశాఖకు పంపండి. మీ జిల్లా జడ్జికి, కలెక్టరుకు మీ పని తెలిసి ఉండేలా చూసుకోండి. పదవి ఉన్నా లేకున్నా బతకగలిగేలా సొంత ప్రాక్టీసు నిలబెట్టుకోండి. ప్రభుత్వానికి వ్యతిరేకంగా కేసులు తీసుకోలేరు కాబట్టి, ప్రైవేటు సివిల్ కేసులు నాలుగు చేతిలో ఉంచుకోవాలి.

ఇక అసలు పని. ప్రభుత్వం మీద రిట్ వేసేవాళ్లు కాపీలు ముందు జీపీ కార్యాలయంలో ఇస్తారు. ఉదయం కాజ్ లిస్టులో (ఆ రోజు విచారణకు వచ్చే కేసుల జాబితా) కేసు ఉంటుంది. ధర్మాసనం "ఇన్‌స్ట్రక్షన్స్ వచ్చాయా?" అని, అంటే శాఖ ఏం చెప్పిందని అడుగుతుంది. ఆ మాటకు జవాబు చెప్పాలంటే ముందురోజు సాయంత్రమే మీరు తహసీల్దారుకు, కమిషనరుకు ఫోన్ చేసి ఉండాలి. తర్వాత శాఖ నుంచి పేరావారీ రిమార్కులు వస్తాయి. వాటి మీద మీరు కౌంటర్ అఫిడవిట్ (ప్రభుత్వం ఇచ్చే జవాబు) తయారుచేస్తారు, అధికారి సంతకం పెడతారు. కొత్త ఏజీపీలు చేసే పెద్ద తప్పు రిమార్కులనే కౌంటర్‌లోకి దించేయడం. నేనూ ఒకసారి చేశాను. ఒక మండలం నుంచి వచ్చిన రిమార్కుల్లో సర్వే నంబరు పక్కన ఉపసంఖ్య తప్పుగా ఉంది. నేను రికార్డు తెప్పించుకోలేదు. అవతలి వకీలు సేత్వార్ (పాత భూమి సర్వే రికార్డు) కాపీ తీసి చూపించాడు. ఆ రోజు కోర్టు ముందు నేను మాట్లాడలేకపోయాను. ఓ రైతుకు పన్నెండు వారాలు అన్యాయంగా వాయిదా పడింది నా వల్లే. ఆ తర్వాత రికార్డు చూడకుండా ఒక్క కౌంటరూ నా చేతుల్లోంచి వెళ్లలేదు.

తెలంగాణలో రెవెన్యూ కేసులు చూడాలనుకునేవాళ్లు లా కాలేజీలో చెప్పని ఒక చదువు చదవాలి. సేత్వార్ అంటే ఏమిటో, 1954–55 ఖాస్రా పహాణీకి (పొలాల వారీ రికార్డు) కోర్టులు ఎందుకంత విలువిస్తాయో, 1950 కౌలుదారీ చట్టం కింద 38-ఇ సర్టిఫికెట్ (రక్షిత కౌలుదారుకు యాజమాన్యం ఇచ్చే పత్రం) ఎవరికి వస్తుందో, ఇనాం రద్దు చట్టం కింద ఓఆర్‌సీ (స్వాధీన హక్కు పత్రం) ఎలా ఇస్తారో, 1949లో జాగీర్లు రద్దయ్యాక ఆ భూములు ఎవరివయ్యాయో తెలియాలి. పాత కాగితం మీద ఫసలీ (పాత రెవెన్యూ లెక్క) సంవత్సరం ఉంటే దానికి 590 కలిపితే ఇంగ్లిషు సంవత్సరం వస్తుంది. చాలా పత్రాలు ఉర్దూలో ఉంటాయి. ఉర్దూ చదవడం నేర్చుకుంటే ఈ నగరంలో మీకు ఎదురుండదు. లేదంటే కనీసం నమ్మకమైన అనువాదకుడు ఒకరు ఉండాలి. భూ రికార్డుల కోసం 2020 అక్టోబరులో వచ్చిన ధరణి, 2025 ఏప్రిల్ 14న మొదలైన భూభారతి, వీటి మధ్య అధికారాలు ఎవరి చేతుల్లోంచి ఎవరి చేతుల్లోకి వెళ్లాయో కూడా తెలిసుండాలి. శంషాబాద్ నుంచి శామీర్‌పేట దాకా ఎకరం కోట్లు పలుకుతున్న చోట, ఒక్క పహాణీ గళ్లలో ఏం రాసి ఉందన్నది కుటుంబాల తలరాత మార్చేస్తుంది.

సివిల్ కోర్టులో ప్రభుత్వం తరఫున ఉంటే రెండు విషయాలు వేళ్ల మీద ఉండాలి. ప్రభుత్వం మీద దావా వేయాలంటే సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ) 80వ సెక్షన్ కింద రెండు నెలల నోటీసు ఇవ్వాలి. ఆ నోటీసు వచ్చిన రోజే ఫైలు తెరిపిస్తే సగం దావాలు కోర్టుకే రావు. మామూలుగా అది ఏదో టపాలో ఉండిపోతుంది. రెండోది గడువు. ప్రభుత్వం వేసే దావాకు లిమిటేషన్ (కాలపరిమితి) చట్టం ముప్పై ఏళ్లు ఇస్తుంది. అప్పీలుకు మాత్రం అంత ఉదారత లేదు. తీర్పు వచ్చిన రోజే నకలుకు దరఖాస్తు పెట్టి, శాఖకు రాతపూర్వకంగా అభిప్రాయం పంపించడం మీ బాధ్యత. జాప్యానికి సాకులు వెతికే పరిస్థితి రాకూడదు.

ఇక్కడ చేసిన పని ఎంత దూరం తీసుకెళ్తుందో ఒక ఉదాహరణ చాలు. రంగారెడ్డి జిల్లా పల్లెలో పుట్టి 1971లో హైదరాబాద్‌లో ఎన్‌రోల్ అయిన బి. సుదర్శన్ రెడ్డి 1988 నుంచి 1990 దాకా హైకోర్టులో గవర్నమెంట్ ప్లీడరు. 1995లో అదే హైకోర్టులో న్యాయమూర్తి అయ్యారు, 2007లో సుప్రీంకోర్టుకు వెళ్లారు. ప్రభుత్వ వకీలును జడ్జీలు రోజూ చూస్తారు. ఫైలు చదివి వచ్చాడా, కోర్టుకు నిజం చెప్తున్నాడా అన్నది ఏళ్ల తరబడి గమనిస్తారు.

జీపీ కాకపోయినా జీహెచ్‌ఎంసీ, హెచ్‌ఎండీఏ, ఆర్టీసీ, విద్యుత్ సంస్థలు, విశ్వవిద్యాలయాల స్టాండింగ్ కౌన్సెల్ (ఆ సంస్థ తరఫున వాదించే వకీలు) పదవులు ఉంటాయి. కోర్టులో నిలబడటం ఇష్టం లేదు, చట్టం రాయడం ఇష్టం అనుకుంటే గ్రూప్–2లో సచివాలయ న్యాయశాఖ అసిస్టెంట్ సెక్షన్ ఆఫీసర్ పోస్టులు చూడండి. బిల్లుల ముసాయిదాలు, జీవోలు అక్కడే రూపుదిద్దుకుంటాయి. కానీ అటు వెళ్తే వకాలత్ వదులుకున్నట్టే.

ఆరో అడుగు: సివిల్ జడ్జి పరీక్ష

పరీక్ష తెలంగాణ హైకోర్టే నిర్వహిస్తుంది. ముందు ఆబ్జెక్టివ్ స్క్రీనింగ్, తర్వాత సివిల్ చట్టాలు, క్రిమినల్ చట్టాలు, ఇంగ్లిషు అనే మూడు రాత పేపర్లు, చివరికి మౌఖిక పరీక్ష. వయసు, రిజర్వేషన్ల వివరాలు ప్రతిసారీ నోటిఫికేషన్‌లోనే చూసుకోండి.

ఇంగ్లిషు పేపరులో అనువాదం దగ్గరే నగరపు పిల్లలు ఎక్కువగా జారిపడతారు. బడి మొత్తం ఇంగ్లిషులో చదివి, వాంగ్మూలంలోని తెలుగు వాక్యాన్ని అర్థం చేసుకోలేకపోతారు. తెలుగు ప్రావీణ్యం నిబంధనల్లోనే ఉంది, అది సబబు కూడా. సాక్షి "మా పాలివాడు గట్టు చెరిపి రెండు సాళ్లు ఇటు దున్నిండు" అంటాడు. అది విని జడ్జి ఇంగ్లిషులో సరిగ్గా రాయించాలి. రోజూ ఒక వాంగ్మూలాన్ని తెలుగు నుంచి ఇంగ్లిషుకు, ఒక తీర్పు పేరాను ఇంగ్లిషు నుంచి తెలుగుకు మార్చండి. ఆరు నెలలు చేస్తే చాలు.

చట్టాల పేపర్లకు గైడ్లు బట్టీ పట్టకండి. మీ ఆఫీసులో ముగిసిపోయిన దావా కట్ట ఒకటి తీయండి. ప్లెయింటు, రిటన్ స్టేట్‌మెంటు (ప్రతివాది జవాబు) మాత్రమే చదివి ఇష్యూలు (కోర్టు తేల్చాల్సిన అంశాలు) మీరే రాయండి. సాక్ష్యం చదివి తీర్పు రాయండి. ఆ తర్వాతే జడ్జి రాసిన తీర్పు విప్పి చూడండి. ఎక్కడ తేడా వచ్చిందో అక్కడ మీరు చదవాల్సిన చట్టం ఉంది. ఇలా ఇరవై కట్టలు చేసినవాళ్లు పరీక్షలో తడబడటం నేను చూడలేదు.

జీతం గురించి కూడా చెప్పాలి. మన తెలుగువారే అయిన జస్టిస్ పి. వెంకటరామరెడ్డి అధ్యక్షతన పనిచేసిన రెండో జాతీయ న్యాయ వేతన సంఘం సిఫార్సులతో సివిల్ జడ్జి మూల వేతనం 77,840 రూపాయల దగ్గర, జిల్లా జడ్జిది 1,44,840 దగ్గర మొదలవుతుంది. సీనియర్ దగ్గర బస్సు పాసు డబ్బులతో మొదలుపెట్టిన వాళ్లకు ఇది పెద్ద భరోసా. ఎంపికైనవాళ్లు కోర్టు చేపట్టేముందు ఏడాది శిక్షణ తప్పనిసరి. మన న్యాయ అకాడమీ సికింద్రాబాద్‌లో ఉంది. మొదటి పోస్టింగు మాత్రం హైదరాబాద్‌లో వస్తుందనుకోకండి. 2022 జూన్ నుంచి రాష్ట్రంలో 33 న్యాయ జిల్లాలు ఉన్నాయి. ఆసిఫాబాద్ కావచ్చు, గద్వాల కావచ్చు. ఇంట్లోవాళ్లతో ముందే మాట్లాడుకోండి.

ఏడో అడుగు: జిల్లా జడ్జి, ఆపైన

ఏడేళ్లు వకీలుగా ఉన్నవాళ్లు రాజ్యాంగం 233వ అధికరణ కింద నేరుగా జిల్లా జడ్జి పరీక్ష రాయొచ్చు. జిల్లా జడ్జి పోస్టుల్లో 25 శాతం ఈ కోటా. 2025 అక్టోబరు 9న రెజనీశ్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం దీన్ని ఇంకా విశాలం చేసింది. వకీలుగా, న్యాయాధికారిగా కలిపి ఏడేళ్లు ఉన్నా అర్హతే, కనీస వయసు 35. కాబట్టి నాలుగేళ్లు ప్రాక్టీసు చేసి సివిల్ జడ్జి అయినవాళ్లకు ఆ నాలుగేళ్లు ఇక వృథా కావు. హైకోర్టు న్యాయమూర్తి పదవికి పదేళ్ల ప్రాక్టీసు లేదా పదేళ్ల న్యాయసేవ కావాలి. దానికి దరఖాస్తు ఉండదు, కొలీజియం పిలవాలి. తెలంగాణ హైకోర్టుకు మంజూరైన న్యాయమూర్తుల సంఖ్య 42.

చేరే ముందు

ఎంపిక ఉత్తర్వు రాగానే అందరూ అభినందనల్లో మునిగిపోతారు. చేతిలో ఉన్న కేసుల మాట మరిచిపోతారు. చేరే తేదీకి ముందే ప్రతి కక్షిదారుకూ ఫోన్ చేయండి. కట్టలో ఏ ఒరిజినల్ డాక్యుమెంటు ఉందో జాబితా రాసి, సంతకం తీసుకుని తిరిగి ఇచ్చేయండి. ఒక్క సేల్ డీడ్ మీ బీరువాలో ఉండిపోయినా ఆ ఇంట్లో నిద్ర ఉండదు. చేయని పనికి తీసుకున్న ఫీజు వాపసు చేయండి. కొత్త వకీలుకు అభ్యంతరం లేదని వకాలత్ మీద రాసివ్వండి, తర్వాతి వాయిదా తేదీ ఆయన డైరీలో మీ ముందే రాయించండి. బార్ కౌన్సిల్‌కు దరఖాస్తు పెట్టి సనదు సస్పెండ్ చేయించుకుని, ఆ రసీదు దగ్గర పెట్టుకోండి. ఇన్నేళ్లు రాసిన డైరీలు పారేయకండి. మీరు వకీలుగా ఉన్న కేసు ఏదైనా రేపు మీ కోర్టుకే వస్తే, పేరు చూడగానే పక్కన పెట్టి జిల్లా జడ్జికి బదిలీ కోరుతూ రాయాల్సింది ఆ డైరీలు చూసే.